1964 నుంచి మొదలుపెట్టాలా, 1998 నుంచా?

ప్రశ్న: నాకు 29 ఏళ్ళు. కరీంనగర్‌లో ఉద్యోగం. ఈమధ్యే సెకండ్ హ్యాండ్‌లో పీఎస్4 గేమ్ మెషీన్ కొన్నాను. చిన్నప్పటి నుంచి పేరు వింటున్న మెటల్ గేర్ సాలిడ్ ఆటలన్నీ ఆడాలని కోరిక. సేల్‌లో తక్కువకు వచ్చిందని ముందు ఫాంటమ్ పెయిన్ కొని ఆరేడు గంటలు ఆడాను. ఆట బాగుంది, కానీ ఎవరు ఎవరో ఒక్క ముక్క అర్థం కాలేదు. ఎర్ర స్కార్ఫ్ కట్టుకున్నాయన, నల్ల కళ్ళద్దాలాయన నాతో ఎప్పటి నుంచో పరిచయం ఉన్నట్టు మాట్లాడతారు. డాలస్‌లో ఉన్న మా బావ, కథలో ఏ సంవత్సరం ముందొస్తే ఆ ఆట ముందు ఆడమంటాడు. అంటే 1964లో జరిగే మూడో భాగంతో మొదలుపెట్టాలి. ఆఫీసులో ఫ్రెండేమో విడుదలైన వరుసలోనే ఆడాలంటాడు. 1998 నాటి గ్రాఫిక్స్ నేను భరించగలనా అని కూడా అనుమానం. రోజూ రాత్రి గంట, గంటన్నర మాత్రమే దొరుకుతుంది. మా అన్నయ్య కొడుకు, ఎనిమిదేళ్ళవాడు, పక్కన కూర్చుని చూస్తానంటాడు. ఏ వరుసలో ఆడమంటారు?

జవాబు: మీ ఆఫీసు ఫ్రెండ్ చెప్పిందే చేయండి. విడుదలైన వరుసలో, 1998 నాటి మెటల్ గేర్ సాలిడ్‌తో మొదలుపెట్టండి. ఫాంటమ్ పెయిన్‌ను ఇప్పటికి ఆపేయండి. డిలీట్ చేయనక్కర్లేదు, సేవ్ అలాగే ఉంచండి. చివర్లో దాని దగ్గరికే వస్తారు.

మీ బావ మాటలోనూ న్యాయం ఉంది. ఆయన చెప్పే వరుస కాగితం మీద చాలా చక్కగా కనబడుతుంది. 1964లో సోవియట్ అడవుల్లో స్నేక్ ఈటర్, 1974లో కోస్టారికాలో పీస్ వాకర్, 1975లో క్యూబాలో గ్రౌండ్ జీరోస్, 1984లో అఫ్గానిస్తాన్‌లో మీరు ఆడిన ఫాంటమ్ పెయిన్, 1995లో, 1999లో జరిగే మొదటి రెండు ఆటలు, 2005లో అలాస్కా దగ్గరి దీవిలో సాలిడ్ ఒకటి, తర్వాత రెండు, 2014లో నాలుగు. చరిత్ర పాఠంలా వరుసగా సాగిపోతుంది. కానీ ఆ కథను రాసినవాళ్ళు ఆ వరుసలో రాయలేదు. ఈ సిరీస్ సృష్టికర్త హిడియో కొజిమా 1998లో ఒక కథ చెప్పి, దాన్ని ఆడినవాళ్ళకు ఏం తెలుసో, ఏం తెలియదో లెక్క వేసుకుని 2001లో రెండోది చేశాడు. ఆ రెండూ తెలిసినవాళ్ళ కోసం 2004లో నలభై ఏళ్ళు వెనక్కి వెళ్ళాడు.

మన ఇళ్ళలో తాతయ్య కథ మనకు ఎలా తెలుస్తుందో చూడండి. ముందు గోడ మీద దండ వేసిన ఫోటో చూస్తాం. నాన్న ఆయన పేరెత్తితే ఎందుకు మౌనంగా ఉండిపోతాడో అర్థం కాదు. ఎప్పుడో కరెంటు పోయిన రాత్రి నాయనమ్మ ఆయన పడుచు రోజుల సంగతి చెబితే, అప్పుడు ఫోటో మారిపోతుంది, నాన్న మౌనమూ మారిపోతుంది. సాలిడ్ ఒకటి, రెండు ఆటల్లో ఒక పాత సైనికుడి పేరు మాటిమాటికీ వినిపిస్తుంది. ఒకరు ఆయన్ను వీరుడంటారు, ఇంకొకరు రాక్షసుడంటారు. స్నేక్ ఈటర్ నాయనమ్మ చెప్పే కథ లాంటిది. ఫోటోయే చూడనివాడికి ఆ కథ ముందే చెబితే మంచి గూఢచారి కథలా ఉంటుంది, అంతే. చూసినవాడికి గొంతులో ముద్ద అడ్డం పడుతుంది.

మరో కారణం ఉంది. దాన్ని ఎవరూ పెద్దగా చెప్పరు కానీ నాకు కథకన్నా అదే ముఖ్యం. అది కాపలావాడి సంగతి.

1987లో వచ్చిన మొట్టమొదటి మెటల్ గేర్ ఎమ్‌ఎస్‌ఎక్స్2 అనే చిన్న కంప్యూటర్ మీద తయారైంది. ఆ మెషీన్ తెర మీద ఎక్కువమంది శత్రువులనూ తూటాలనూ ఒకేసారి కదిలించలేదు. యుద్ధం గురించి ఆట చేయమంటే, కాల్చుకునే ఆట కుదరదు గనక దాక్కుని తప్పించుకునే ఆట చేశాడు కొజిమా. ఇన్నేళ్ళ సిరీస్ అంతా ఆ ఇబ్బందిలోంచి పుట్టింది. ఆ ఆటలో కాపలావాడు ముక్కుసూటిగా మాత్రమే చూడగలడు. మీరు ఒక్క అడుగు పక్కకు జరిగితే లేనట్టే. 1990లో వచ్చిన రెండో దాంట్లో వాడి చూపు వెడల్పయింది, చప్పుడు వినడం నేర్చాడు. 1998లో మంచులో మీ అడుగుజాడలు చూసి వెంట వస్తాడు. 2001లో మీ నీడను పసిగడతాడు, పైవాళ్ళకు రేడియోలో ఎప్పటికప్పుడు కబురు చెబుతుంటాడు. వాడిని పడేస్తే, కబురు రాలేదేమని వెతకడానికి ఇంకో జట్టు వస్తుంది. తుపాకీతో ఆ రేడియోనే పగలగొడితే ఏమవుతుందో మీరే చూసుకోండి. 2004కు మీ చేతిలో రాడార్ మ్యాప్ పోయింది. మీ ఒంటి మీది బట్ట చుట్టూ ఉన్న ఆకుల్లో, మట్టిలో ఎంత కలిసిపోయిందన్నదే లెక్క, దాన్ని శాతాల్లో చూపిస్తారు. ఇక మీరు ఆడిన, 2015 నాటి ఫాంటమ్ పెయిన్‌లో, ఎప్పుడూ తలకే గురిపెడుతుంటే శత్రువులు హెల్మెట్లు పెట్టుకోవడం మొదలుపెడతారు. రాత్రిళ్ళే దాడి చేస్తుంటే చీకట్లో కనబడే కళ్ళద్దాలు తెచ్చుకుంటారు. ఆరేడు గంటల్లో మీరు ఈపాటికి గమనించే ఉంటారు.

ఆ కాపలావాడు ఒక్కో ఆటకు ఒక్కో తెలివి నేర్చుకుంటూ వస్తుంటే, అతనితో పాటు మీరూ నేర్చుకుంటూ రావాలి. అందులో ఉన్న ఆనందం మరెక్కడా దొరకదు. మీ బావ వరుసలో వెళితే 2015 నాటి కాపలావాడి నుంచి నేరుగా 1987 నాటివాడి దగ్గరికి దిగాలి. 28 ఏళ్ళ వెనకడుగు. అక్కడే చాలామంది ఆట వదిలేస్తారు. నాకు తెలిసినవాళ్ళలోనే ఇద్దరు అలా వదిలేశారు, మళ్ళీ సాలిడ్ ఒకటి ముఖం చూడలేదు.

ఇక ఏది ఎక్కడ దొరుకుతుందో చూద్దాం. 2023 అక్టోబర్‌లో ఈ ఆటల కంపెనీ కొనామి, మాస్టర్ కలెక్షన్ వాల్యూమ్ 1 అని ఒకటి విడుదల చేసింది. అది పీఎస్4కూ ఉంది. అందులో 1987, 1990 నాటి పాత ఆటలు రెండూ, సాలిడ్ ఒకటి, రెండు, మూడు అన్నీ ఉన్నాయి. మీకు ముందు కావలసింది ఇదొక్కటే.

పాత రెండు ఆటలు ఆడాలా అంటే, నేనైతే మిమ్మల్ని ఇప్పుడు ఆడమనను. రోజుకు గంటన్నర దొరికే మనిషి ముందు వాటి మీద నెల ఖర్చుపెడితే ఓపిక అక్కడే అయిపోతుంది. సాలిడ్ ఒకటి మెనూలో స్పెషల్ అనే చోట ప్రీవియస్ ఆపరేషన్స్ అని ఉంటుంది. ఆ రెండు ఆటల కథ అక్కడ క్లుప్తంగా రాసి పెట్టారు. పావుగంట కూర్చుని అది చదవండి. చాలామంది దాన్ని చూడకుండానే న్యూ గేమ్ నొక్కేస్తారు, మీరు అలా చేయకండి. ఆటలో శత్రువు ఎవరు, మీరు ఆడించే హీరో స్నేక్ ఎందుకు అంత విసిగిపోయి ఉన్నాడు అన్నది మొదటి అరగంటలోనే అర్థమవుతుంది. మూడో భాగం పూర్తయ్యాక కాపలావాడి బాల్యం చూడాలనిపిస్తే అప్పుడు ఆడండి. 1990 నాటిది మరీ బాగుంటుంది.

గ్రాఫిక్స్ గురించి మీ భయం సహజమే. సాలిడ్ ఒకటిలో మనుషులకు సరిగ్గా కళ్ళుండవు, ముఖం మీద నీడ మాత్రం ఉంటుంది. కెమెరా పైనుంచి చూస్తుంటుంది, మీరు తిప్పలేరు. మామూలు తుపాకీతో గురిచూసి కాల్చడం కూడా ఉండదు, తిరిగిన వైపు కాల్చడమే. మొదటి రెండు రాత్రులు చిరాకుగా ఉంటుంది, అది దాచను. మూడో రాత్రికి మీ కళ్ళు గ్రాఫిక్స్ సంగతి మర్చిపోయి, తెర మూలన ఉన్న రాడార్‌లో కాపలావాళ్ళ చూపు ఎటు తిరుగుతోందో మాత్రమే చూస్తుంటాయి. గొంతులు అయితే ఇప్పటికీ తాజాగానే ఉన్నాయి. మాటలు ఎక్కువ, ఇంగ్లీష్ వేగంగా ఉంటుంది, కాబట్టి సబ్‌టైటిల్స్ పెట్టుకోండి. ఆటంతా కలిపి పన్నెండు గంటల లోపే. మీ లెక్కన పది పన్నెండు రాత్రులు. కోడెక్‌లో, అంటే స్నేక్ చెవిలో మోగే రేడియోలో, ఎవరైనా మాట్లాడుతుంటే బటన్ నొక్కి దాటేయకండి. ఈ సిరీస్‌లో సగం బంధుత్వాలు ఆ మాటల్లోనే ఉన్నాయి. ఒకచోట మీ మనసు చదువుతానంటూ ఒకడు వస్తాడు. ఆ రాత్రి ఫోన్ పక్క గదిలో పెట్టి ఆడండి, యూట్యూబ్‌లో ఏమీ వెతకకండి.

రెండో భాగం, సన్స్ ఆఫ్ లిబర్టీ, ఒకటి పూర్తయిన వారంలోపే మొదలుపెట్టండి. దీని గురించి నేను ఎక్కువ చెప్పలేను, చెబితే మీకు అన్యాయం చేసినట్టవుతుంది. 2001లో విడుదలకు ముందు ప్రకటనల్లో, ట్రైలర్లలో జాగ్రత్తగా దాచిన విషయం ఒకటి అందులో ఉంది. అప్పట్లో చాలామంది కోపం తెచ్చుకున్నారు. ఒకటో భాగంలో జరిగినవే మళ్ళీ జరుగుతున్నాయేమిటి అని మీకు అనిపిస్తుంది. అది కావాలని చేసిన పనే, ఎందుకు చేశారో చివర్లో తెలుస్తుంది. ఒకటో భాగం మీ మనసులో వెచ్చగా ఉంటేనే ఆ దెబ్బ తగులుతుంది. మీ బావ వరుసలోనూ రెండు కన్నా ముందు ఒకటి వస్తుంది నిజమే, కానీ మధ్యలో అన్ని ఆటలు ఆడి అలసిపోయి వచ్చినవాడికి ఆ తేడా పట్టదు. చివరి రెండు గంటలు గందరగోళంగా ఉంటాయి. అర్థం కాకపోతే కంగారుపడకండి, ముందుకు వెళ్ళండి.

స్నేక్ ఈటర్ దగ్గరికి వచ్చేసరికి మీకు ఊపిరి ఆడుతుంది. అడవి, వాన, బురద. ఆకలేస్తే పామునో పుట్టగొడుగునో పట్టుకు తినాలి. దెబ్బ తగిలితే కట్టు కట్టుకోవాలి. కలెక్షన్‌లో ఉన్న వెర్షన్‌లో కెమెరాను మీరే తిప్పుకోవచ్చు, కాబట్టి చేతికి కూడా హాయిగా ఉంటుంది. ఇందులోని స్నేక్, ఒకటో భాగంలో మీకు పరిచయమైన మనిషి కాదు. తేదీలు చూసే మీకు అనుమానం వచ్చి ఉంటుంది. అంతకన్నా చెప్పను. ఒక ముసలి స్నైపర్‌తో అడవిలో గంటల తరబడి సాగగలిగే పోరాటం ఉంది. అది శుక్రవారం రాత్రికి ఉంచుకోండి, పొద్దున్నే ఆఫీసు ఉన్న రోజు మొదలుపెట్టకండి. ఆ తర్వాత ఒక పొడవాటి నిచ్చెన వస్తుంది. ఎక్కుతూనే ఉండండి. ఇన్ని ఆటలు ఆడాను కానీ ఆ నిచ్చెన మీద ఉన్నంత ప్రశాంతంగా ఏ ఆటలోనూ లేను.

2025 ఆగస్టులో ఇదే ఆటను కొత్త గ్రాఫిక్స్‌తో, పాత గొంతులతోనే మళ్ళీ చేశారు, డెల్టా అనే పేరుతో. అది పీఎస్4 మీద ఆడదు. పీఎస్5 ఉన్నవాళ్ళు అడిగినా నేను ఒకటి, రెండు అయ్యాకే డెల్టా అంటాను.

ఇక్కడి నుంచి దారి కొంచెం గతుకులు. నాలుగో భాగం, గన్స్ ఆఫ్ ది పేట్రియట్స్, 2008లో పీఎస్3 కోసం వచ్చింది. పీస్ వాకర్ 2010లో చేతిలో పట్టుకు ఆడే పీఎస్‌పీ కోసం వచ్చి, మరుసటి ఏడు పీఎస్3 హెచ్‌డీ కలెక్షన్‌లోకి ఎక్కింది. మీ వాల్యూమ్ 1లో ఈ రెండూ లేవు. మూడో భాగం ముగిసే వేళకు మీ స్టోర్‌లో ఒకసారి వెతకండి. దొరక్కపోతే పాత పీఎస్3 ఉన్న ఫ్రెండ్ ఎవరైనా ఉంటే ఒక నెల అడిగి తెచ్చుకోండి. నాలుగో దాని కోసం అడిగి తెచ్చుకోవడంలో తప్పు లేదు. ఒకటి, రెండు, మూడు నడిచి వచ్చినవాళ్ళ కోసమే చేసిన ఆట అది. ఒక పాత చోటుకు మిమ్మల్ని తిరిగి తీసుకెళ్తుంది. అక్కడ మీ కాళ్ళకు దారి ముందే తెలిసి ఉంటుంది. ఆ క్షణం కోసమైనా సరే 1998 నాటి మొరటు గ్రాఫిక్స్ భరించమంటాను. ఆడడం ఏ రకంగానూ కుదరకపోతే, కట్‌సీన్లు, అంటే ఆట మధ్యలో సినిమాలా వచ్చే సన్నివేశాలు, కలిపి పెట్టిన వీడియో చూడండి. అది సినిమా కన్నా చాలా పొడవు, ఒక్క చివరి భాగమే గంటకు పైగా ఉంటుంది, కాబట్టి నాలుగైదు రాత్రులకు పంచుకోండి.

పీస్ వాకర్ చిన్న చిన్న మిషన్లుగా ఉంటుంది, మీ గంటన్నరకు సరిగ్గా సరిపోతుంది. బెలూన్ కట్టి మనుషులను ఎగరేసుకుపోవడం, సముద్రంలో స్థావరం కట్టుకోవడం, ఫాంటమ్ పెయిన్‌లో మీకు వింతగా తోచిన ఈ పనులన్నీ ఇక్కడివే. నల్ల కళ్ళద్దాలాయన, మిల్లర్, మీతో ఎందుకంత చనువుగా ఉన్నాడో ఇక్కడ తెలుస్తుంది. ఎర్ర స్కార్ఫాయన, ఆసెలాట్, మీకు ఒకటో భాగంలోనే ఎదురవుతాడు. 1984లో ఆయన్ను మళ్ళీ కలిసేనాటికి, నమ్మాలా వద్దా అని మీరు ప్రతి మాటకూ ఆగి ఆలోచిస్తారు. మొన్న ఆడినప్పుడు అలా ఆలోచించే అవకాశమే మీకు లేకుండాపోయింది.

ఆ తర్వాత గ్రౌండ్ జీరోస్. 2014లో విడిగా వచ్చింది, అసలు మిషన్ గంట, గంటన్నరలో అయిపోతుంది. మీరు దీన్ని దాటేసి నేరుగా ఫాంటమ్ పెయిన్‌లోకి వెళ్ళారు. ఆసుపత్రి మంచం మీద కళ్ళు తెరిచేసరికి ఏం జరిగిందో తెలియకపోవడానికి అదీ ఒక కారణం. రెండూ కలిసి ఉన్న డెఫినిటివ్ ఎక్స్‌పీరియన్స్ అనే ప్యాక్ కూడా ఉంది, కానీ మీ దగ్గర పెద్దది ఇప్పటికే ఉంది కాబట్టి చిన్నది విడిగా, సేల్‌లో తీసుకోండి చాలు. అప్పుడు ఫాంటమ్ పెయిన్ మళ్ళీ మొదటి నుంచి. ఆ ఆరేడు గంటలు వృథా అనుకోకండి. అదే ఆసుపత్రి సీను రెండోసారి ఆడేటప్పుడు మీకు పూర్తిగా వేరే సీను అవుతుంది.

మిగతావి తొందర లేదు. 2013లో వచ్చిన రైజింగ్ కత్తితో నరుక్కుంటూ పోయే ఆట, ప్లాటినమ్ గేమ్స్ అనే వేరే కంపెనీ చేసింది, నాలుగు తర్వాత ఎప్పుడైనా ఆడొచ్చు, అదీ పీఎస్4 మీద లేదు. పోర్టబుల్ ఆప్స్ అనే ఇంకో ఆట వదిలేసినా మీ కథ ఆగదు. సర్వైవ్ అనే ఆట, కొజిమా కొనామి నుంచి వెళ్ళిపోయాక వచ్చింది, దానికి ఈ కథతో పని లేదు.

ఒకవేళ సాలిడ్ ఒకటి నాలుగైదు రాత్రులు నిజాయితీగా ఆడినా మీ చేతికి అలవాటు కాకపోతే, సిరీస్ మొత్తం వదిలేయకండి. అప్పుడు మీ బావ మాట ప్రకారం స్నేక్ ఈటర్ ఆడండి. దానికి దానిగా నిలబడే కథ అది. కానీ అది కాగానే పీస్ వాకర్ వైపు వెళ్ళకుండా, వెనక్కి ఒకటికి రండి. అప్పటికి మీకు ఆ ప్రపంచం మీద ప్రేమ పుట్టి ఉంటుంది, పాత ముఖాలు అంత మొరటుగా అనిపించవు.

పిల్లవాడి సంగతి. అట్టపెట్టె కింద దూరి స్నేక్ పాకుతూ వెళ్ళడం చూస్తే వాడు పడీ పడీ నవ్వుతాడు, వాడికి ఆ ముచ్చట చూపించాలని మీకూ ఉంటుంది. అయినా వద్దు. ఇవి పెద్దవాళ్ళ ఆటలు. ఒకటో దాంట్లోనే రక్తం చిమ్మిన నడవా ఒకటి ఉంది, మనిషిని కట్టేసి హింసించే సన్నివేశం ఉంది. గ్రౌండ్ జీరోస్, ఫాంటమ్ పెయిన్ మరీ దారుణం. వాటిలో హింస పెట్టడం, పిల్లల చేతికి తుపాకులివ్వడం వంటివి పెద్దవాళ్ళకే కడుపులో దేవుతాయి. మీ గంటన్నర వాడు నిద్రపోయాకే మొదలవ్వాలి. వాడితో ఆడడానికి వేరే ఆట ఒకటి పగలు పెట్టుకోండి.

చివరగా నా అనుభవం ఒకటి, మీకు పనికొస్తుందని చెబుతున్నాను. నేను సాలిడ్ ఒకటి మొదటిసారి ఆడింది గంటకు ఇంత అని డబ్బు తీసుకునే వీడియో గేమ్ పార్లర్‌లో. అక్కడి సీడీలన్నీ కాపీలు, తెల్ల కవర్లో పెట్టి ఉండేవి. ఆటలో ఒకచోట బేకర్ అనే ముసలాయన మనకు ఒక డిస్క్ ఇచ్చి, మెరిల్ అనే అమ్మాయితో మాట్లాడాలంటే ఆమె రేడియో నంబర్ సీడీ డబ్బా వెనక ఉందంటాడు. నేను ఆయన ఇచ్చిన డిస్క్‌నే తిప్పి తిప్పి చూశాను. ఆయన అంటున్నది దుకాణంలో కొన్న అసలు ఆట డబ్బా గురించని, ఆ అట్ట మీద వెనక ఒక చిన్న బొమ్మలో ఆ నంబర్ ముద్రించారని నాకెలా తెలుస్తుంది? కోడెక్‌లో పై నంబర్ నుంచి ఒక్కొక్కటే తిప్పుకుంటూ కిందికి వచ్చాను. మూడు రోజుల పాకెట్ మనీ దానికే పోయింది. ఆమె గొంతు వినబడ్డప్పుడు పార్లర్‌లో ఉన్న పిల్లలందరం కేకలు పెట్టాం.

మీరు డౌన్‌లోడ్ చేసుకునేదానికి చేతిలో పట్టుకునే డబ్బా ఉండదు కాబట్టి, ఆ నంబర్ ఇక్కడే రాసి పెట్టుకోండి: 140.15.